వేరే కేసులో తీర్పు వచ్చింది... మరి మీ కేసు?

ఏళ్ల తరబడి తిరుగుతున్న కేసు మీది. ఈ వాయిదాకైనా వాదనలు మొదలవుతాయని మీ ఆశ. ఇంతలో లాయరు గారి ఆఫీసు నుంచి ఫోన్ వస్తుంది: "సుప్రీంకోర్టు తీర్పు వచ్చేసిందండీ. ఇక మన పిటిషన్ ఇన్‌ఫ్రక్చువస్." మీరు "సరేనండీ" అని పెట్టేస్తారు. పెట్టేశాక సందేహం మొదలవుతుంది. ఇంతకీ నేను గెలిచానా, ఓడానా? కట్టిన ఫీజులు ఏమైనట్టు?

గెలవలేదు, ఓడలేదు. మీరు అడిగినదాని మీద తేల్చడానికి కోర్టు ముందు ఇక ఏమీ మిగల్లేదని మాత్రమే ఇన్‌ఫ్రక్చువస్ అనే మాటకు అర్థం, తెలుగులో నిష్ఫలం. పెద్దపెద్ద కేసులకే ఈ గతి పట్టింది. బాబ్రీ మసీదు కూల్చివేత మీద వేసిన కోర్టు ధిక్కార పిటిషన్లు సుప్రీంకోర్టులో దశాబ్దాలు పడి ఉన్నాయి. 2019 నవంబర్ 9న అయోధ్య స్థల వివాదంలో తీర్పు వచ్చాక, 2022 ఆగస్టు 30న వాటిని మూసేశారు. 2002 గుజరాత్ అల్లర్లకు సంబంధించిన పిటిషన్ల దొంతరను కూడా అదే రోజు, అదే కోర్టులో, మరో బెంచ్ నిష్ఫలమని ముగించింది. కాబట్టి జడ్జి గారు మీ ఒక్కరి మీదే కక్షగట్టి ఫైలు మూస్తున్నారనుకోకండి. ప్రయోజనం లేకుండా పోయిన దావాను ముగించడం కోర్టు బాధ్యతేనని 2004లోనే సుప్రీంకోర్టు చెప్పింది.

అయితే చాలా కేసుల్లో నిష్ఫలమయ్యేది కేసు మొత్తం కాదు, అందులో ఒక ముక్క. ఫైలు మూసే ఆ రెండు నిమిషాల్లో మిగతా ముక్కల గురించి ఎవరూ నోరెత్తకపోతే అవీ దాంతోపాటే పోతాయి. మీరు జాగ్రత్తపడాల్సింది అక్కడే. ఎలాగో చూద్దాం.

1. ముందు ప్రేయర్ పేజీ తీయండి

పిటిషన్ చివర్లో "కావున కోర్టువారు దయచేసి..." అంటూ అ, ఆ, ఇ అని వరసగా అడిగిన పేజీ ఒకటి ఉంటుంది. చాలామంది కక్షిదారులు దాన్ని సంతకం పెట్టిన రోజు చూడటమే, మళ్లీ ముట్టుకోరు. ఇప్పుడు దాన్ని బయటికి తీసి, కొత్త తీర్పును పక్కన పెట్టుకుని, ఒక్కో ప్రేయర్ పక్కన పెన్సిల్‌తో రాయండి: "తీరింది", "తీరలేదు", "సగం".

గ్రేటర్ నోయిడా వెస్ట్‌లో ఫ్లాట్ బుక్ చేసుకున్న ఒక తెలుగు జంటను ఊహించుకోండి. బిల్డర్ ఏళ్లకేళ్లు ఆలస్యం చేశాడు. వాళ్లు వినియోగదారుల కమిషన్‌కెళ్లి మూడు అడిగారు: ఫ్లాట్ అప్పగించాలి, ఆలస్యానికి పరిహారం ఇవ్వాలి, ఇన్నాళ్లు కట్టిన ఇంటి అద్దె ఇప్పించాలి. ఇంతలో ఆ ప్రాజెక్టుకే సంబంధించిన మరో కేసులో ఉత్తర్వు వచ్చి తాళాలు చేతికొచ్చాయి. బిల్డర్ లాయరు లేచి, "ఫ్లాట్ ఇచ్చేశాం కదా, కేసు నిష్ఫలం" అన్నాడు. నిజమేనా? మొదటి ప్రేయర్ వరకే నిజం. మిగతా రెండూ ఇంకా బతికే ఉన్నాయి.

ఇది నేను ఊరికే అంటున్న మాట కాదు. బెంగళూరులోని ఒక ప్రాజెక్టు కేసులో సుప్రీంకోర్టు 2020 ఆగస్టు 24న ఇలాంటి తీర్పే ఇచ్చింది. ఫ్లాట్ రిజిస్ట్రేషన్ చేయించుకున్నంత మాత్రాన ఆలస్యానికి పరిహారం అడిగే హక్కు పోదంది. కానీ అదే తీర్పులో, బిల్డర్‌తో రాజీపత్రం రాసుకున్నవాళ్లను ఆ లాభం నుంచి పక్కన పెట్టింది. తాళాలిచ్చే రోజు ఆనందంలో "ఇక ఎలాంటి క్లెయిములు లేవు" అనే కాగితం మీద సంతకం పెట్టేస్తాం చూడండి, నిష్ఫలం అనే మాటకన్నా మనల్ని ఎక్కువ ముంచేది అదే.

2. తీర్పు ఇచ్చింది ఏ కోర్టు?

ఢిల్లీ చుట్టుపక్కల ఉండేవాళ్లకు ఈ చిక్కు తప్పదు. మెట్రో ఎక్కితే గంటలో మూడు రాష్ట్రాల గాలి పీల్చుకుంటాం కాబట్టి అంతా ఒకటే ఊరనిపిస్తుంది. కోర్టులకు అలా కాదు. మీ వివాదం ద్వారకలోనో రోహిణిలోనో ఉంటే మీకు ఢిల్లీ హైకోర్టు. నోయిడా, ఘజియాబాద్ అయితే అలహాబాద్ హైకోర్టు. గురుగ్రామ్, ఫరీదాబాద్ అయితే చండీగఢ్‌లోని పంజాబ్-హర్యానా హైకోర్టు. "హైకోర్టు తీర్పిచ్చింది" అని పేపర్లో చూసి గురుగ్రామ్ కేసు వదిలేసుకోబోయినవాళ్లుంటారు. ఢిల్లీ హైకోర్టు మాట గురుగ్రామ్ కోర్టులో వాదనకు బలం ఇస్తుందే కానీ, అక్కడి జడ్జిని కట్టిపడేయదు. సుప్రీంకోర్టు తీర్పయితే రాజ్యాంగం 141వ అధికరణం ప్రకారం దేశంలోని అన్ని కోర్టులూ పాటించాల్సిందే.

అందులోనూ ఒక మెలిక ఉంది. సుప్రీంకోర్టు అప్పీలుకు అనుమతే ఇవ్వకుండా, కారణాలు రాయకుండా ఒక్క వాక్యంతో పిటిషన్‌ని కొట్టేస్తే అది చట్టాన్ని తేల్చినట్టు కాదు. మరునాడు హెడ్‌లైన్ మాత్రం "సుప్రీం తేల్చేసింది" అనే ఉంటుంది. హెడ్‌లైన్ చూసి కాదు, తీర్పు కాపీ చూసి నిర్ణయించుకోండి. సుప్రీంకోర్టు వెబ్‌సైట్‌లో ఉచితంగానే దొరుకుతుంది.

3. "కవర్డ్" అన్నారా, "ఇన్‌ఫ్రక్చువస్" అన్నారా?

లాయర్ల గదుల్లో ఈ రెండు మాటలూ కలిసి తిరుగుతాయి. రెండింటికీ చాలా దూరం. "కవర్డ్" అంటే మీ ప్రశ్నకు మరో కేసులో జవాబు దొరికింది, ఆ జవాబు ప్రకారం మీకూ ఉత్తర్వు ఇవ్వాలి అని. "ఇన్‌ఫ్రక్చువస్" అంటే ఇవ్వడానికి ఏమీ లేదు అని. మొదటిదాని బదులు రెండోది రాయించుకుంటే చేతిలో పడాల్సిన డబ్బు జారిపోతుంది.

ఒక సన్నివేశం చూడండి. ఆర్.కె. పురం క్వార్టర్లలో ఉద్యోగమంతా గడిపి, జూన్ 30న రిటైరైన శ్రీకాకుళం పెద్దాయన ఒకరు. మరునాడే, అంటే జూలై 1న, ఇంక్రిమెంట్ రావాలి. ఏడాదంతా పనిచేశాడు, ఒక్క రోజు తేడాతో పోయింది. కోపర్నికస్ మార్గ్‌లోని కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్‌లో, అందరూ క్యాట్ అంటారే, అక్కడ అర్జీ వేశాడు. 2023 ఏప్రిల్ 11న కర్ణాటక విద్యుత్ ప్రసార సంస్థ కేసులో సుప్రీంకోర్టు అలాంటి ఉద్యోగులకు ఆ ఇంక్రిమెంట్ దక్కుతుందని చెప్పింది. జూనియర్ లాయరమ్మాయి ఫోన్ చేసింది.

"అంకుల్, మనకు అనుకూలంగా తీర్పు వచ్చేసింది. ఇక కేసెందుకు, విత్‌డ్రా చేసేద్దామా?"

"మరి పాత బకాయిలో, అమ్మా?"

"అవి డిపార్ట్‌మెంట్ వాళ్లే ఇస్తారులెండి."

ఇక్కడ మీరయితే ఏం చేస్తారు? తీర్పు అందరికీ వర్తిస్తుంది కదా, లాయరు ఖర్చయినా మిగులుతుంది అనిపిస్తుంది కదూ? కానీ తర్వాత ఏమైందో వినండి. ఈ తీర్పును ఎవరికి ఎప్పట్నుంచి అమలుచేయాలో సుప్రీంకోర్టు 2024 సెప్టెంబర్ 6న ఒక ఉత్తర్వులో విడమరిచి, 2025 ఫిబ్రవరి 20న ఖాయం చేసింది. కోర్టు గడప తొక్కనివాళ్లకు పెరిగిన పెన్షన్ 2023 మే 1 నుంచే, అంతకు ముందు కాలానికి బకాయిలు లేవు. తీర్పుకు ముందే అర్జీ వేసి ఉన్నవాళ్లకు మాత్రం అర్జీ వేసిన నెలకు వెనక మూడేళ్ల నుంచి లెక్క. అప్పటికే కేసు గెలిచి, అది అంతిమమైపోయినవాళ్లకు ఆ గెలుపు చెక్కుచెదరదు. మరి 2023 వేసవిలోనే "ఇక అక్కర్లేదు" అని అర్జీని ఉపసంహరించుకున్న మనిషి పెండింగ్ అర్జీదారుల వరసలో నిలబడగలడా? పెద్దాయన ఆ రోజు "వద్దమ్మా, తీర్పు ప్రకారం మనకూ ఆర్డర్ ఇప్పించు" అని ఉంటే సరిపోయేది.

మీ లాయరును అడగాల్సిన వాక్యం ఇదే, కాగితం మీద రాసి పెట్టుకోండి: "ఫలానా తీర్పుకు అనుగుణంగా అనుమతించమని అడుగుదామా, లేక నిష్ఫలమని ముగిద్దామా? రెండింటిలో నా చేతికి ఏమొస్తుంది?"

4. మీ కేసు నడుస్తోందా, ముగిసిపోయిందా?

కొత్త తీర్పు మీకు అనుకూలమైనా, వ్యతిరేకమైనా మొదట చూసుకోవాల్సింది ఇదే. ఢిల్లీలో దీనికి భూసేకరణ కేసులను మించిన పాఠం లేదు.

2013 భూసేకరణ చట్టంలో 24(2) అని ఒక సెక్షన్ ఉంది. ఆ చట్టం 2014 జనవరి 1న అమల్లోకి వచ్చింది. అప్పటికి అవార్డు ప్రకటించి ఐదేళ్లు దాటినా భూమి స్వాధీనం చేసుకోకపోతే లేదా పరిహారం చెల్లించకపోతే సేకరణ రద్దవుతుందని ఆ సెక్షన్ చెప్పింది. అదే నెల 24న పుణె మున్సిపల్ కార్పొరేషన్ కేసులో సుప్రీంకోర్టు భూయజమానుల పక్షాన తీర్పు ఇచ్చింది. పరిహారాన్ని ఖజానాలో జమచేసినంత మాత్రాన చెల్లించినట్టు కాదంది. ఢిల్లీలో కేసుల వరద మొదలైంది. చాలామంది గెలిచారు కూడా. ఆరేళ్లు తిరిగాయి. 2020 మార్చి 6న ఇండోర్ కేసులో ఐదుగురు జడ్జిల ధర్మాసనం ఆ పాత తీర్పును పక్కన పెట్టేసింది. స్వాధీనమూ జరగక, చెల్లింపూ జరగక, రెండూ లేకపోతేనే రద్దు, ఒక్కటి జరిగినా చాలు సేకరణ నిలుస్తుందని చెప్పింది. 

అప్పటికే గెలిచినవాళ్ల సంగతో? ప్రభుత్వమూ ఢిల్లీ డెవలప్‌మెంట్ అథారిటీ వాళ్లూ, సుప్రీంకోర్టు దాకా వెళ్లి ముగిసిపోయిన తీర్పుల మీద కూడా రివ్యూలు వేశారు. 2023లో ఇద్దరు జడ్జిలు చెరో మాట అన్నారు. చివరికి 2024 మే 17న కె.ఎల్. రాఠీ స్టీల్స్ కేసులో ముగ్గురు జడ్జిల బెంచ్ తేల్చింది: తర్వాత మరో కేసులో చట్టం మారిందన్నది పాత తీర్పును రివ్యూ చేయడానికి కారణం కాదు. సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో, 47వ ఆర్డర్ మొదటి రూలు కింద ఆ వివరణ ముందునుంచీ ఉన్నదే.

మీకు అర్థమయ్యేదేంటి? అప్పీలు పెండింగ్‌లో ఉంటే కొత్త తీర్పు మీకు తగులుతుంది, మేలైనా కీడైనా. అంతా ముగిసి గడువు దాటిపోయాక, పక్కవాడి తీర్పు చూపించి పాత ఫైలు తెరవమంటే తెరవరు. "మా బావమరిది కేసులో గెలిచారట, నాది పదేళ్ల కిందట కొట్టేశారు, మళ్లీ వేద్దామా?" అని తిరిగేవాళ్లు ఫీజు కట్టే ముందు ఈ పేరా రెండుసార్లు చదవండి.

5. లిబర్టీ అడగడం మరిచిపోకండి

కేసు ముగించేటప్పుడు "అవసరమైతే మళ్లీ వచ్చే స్వేచ్ఛ ఇస్తున్నాం" అని ఆర్డర్‌లో ఒక ముక్క రాయించుకోవడం. అంతే పని. ఆ ముక్క లేకుండా ఉపసంహరించుకుంటే, అదే విషయం మీద మళ్లీ దావా వేయకుండా సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోని 23వ ఆర్డర్ అడ్డుపడుతుంది. రిట్ పిటిషన్లకూ ఆ సూత్రాన్నే సుప్రీంకోర్టు 1986లో సర్గూజా ట్రాన్స్‌పోర్ట్ కేసులో వర్తింపజేసింది.

దీన్ని ఎలా వాడుకోవాలో 2024 జూన్‌లో ఢిల్లీ అంతా చూసింది. అరవింద్ కేజ్రీవాల్‌కు ఈడీ కేసులో జూన్ 20న రౌజ్ అవెన్యూ కోర్టు బెయిలిచ్చింది. మరునాడు హైకోర్టు దాన్ని తాత్కాలికంగా ఆపింది. ఆ ఆపడం మీద ఆయన సుప్రీంకోర్టుకు వెళ్లారు. జస్టిస్ మనోజ్ మిశ్రా, మదనపల్లెలో పుట్టిన జస్టిస్ ఎస్.వి.ఎన్. భట్టి ఉన్న బెంచ్ 26కి వాయిదా వేసింది. ఇంతలో 25న హైకోర్టు పూర్తి ఉత్తర్వే ఇచ్చేసింది. తాత్కాలిక ఉత్తర్వు మీద వేసిన పిటిషన్‌కు ఇక పసలేదు. 26న ఆయన లాయర్లు ఏం చేశారు? పంతానికి పోలేదు. పాత పిటిషన్‌ను వెనక్కి తీసుకుని, కొత్త ఉత్తర్వు మీద అప్పీలు వేసుకునే స్వేచ్ఛను రాయించుకున్నారు.

రాజకీయం సంగతి పక్కన పెట్టండి. చచ్చిన పిటిషన్‌ను పట్టుకుని వేలాడకుండా, బతికున్న ఉత్తర్వు మీదికి గురి మార్చుకోవడం నేర్చుకోండి.

6. మధ్యంతర ఉత్తర్వు మీద బతుకుతున్నారా? అయితే ఇది మీకే

ఓల్డ్ రాజేందర్ నగర్‌లో గది అద్దెకు తీసుకుని పోటీ పరీక్షలకు చదివే ఒక కుర్రాడు. వయసు లెక్క దగ్గర తిరస్కరిస్తే కోర్టుకెళ్లాడు. "ప్రస్తుతానికి పరీక్ష రాయనివ్వండి, ఫలితం ప్రకటించకండి" అని మధ్యంతర ఉత్తర్వు వచ్చింది. రాశాడు. కొన్నాళ్లకు కేసు పిలిచినప్పుడు ఎదుటి లాయరు, "పరీక్ష అయిపోయింది, పిటిషన్ నిష్ఫలం" అన్నాడు. కుర్రాడి లాయరు ఇంకో కోర్టు హాల్లో ఉన్నాడు. అవతలివాళ్లు చెప్పిందే ఆర్డరయింది.

ఇప్పుడు ఆ ఫలితం గతేంటి? ప్రధాన కేసు పోతే మధ్యంతర ఉత్తర్వూ దాంతోనే పోతుంది. కోర్టులో కేసు ఉన్నంత మాత్రాన సంపాదించుకున్న లాభం నిలవదని సుప్రీంకోర్టు చాలాసార్లు చెప్పింది. పరీక్ష రాయడం అయిపోయింది కానీ, రాసే అర్హత ఉందా లేదా అనే ప్రశ్న ఇంకా బతికే ఉందని ఆ రోజు ఎవరో ఒకరు లేచి చెప్పాల్సింది. స్టే మీద ఇంట్లో ఉంటున్న అద్దెదారుడికీ, బదిలీ ఆగిన ఉద్యోగికీ, బ్యాంకు వేలం నిలిచిన గ్యారంటర్‌కూ ఇదే వర్తిస్తుంది. స్టే ఉంది కదా అని కాజ్‌లిస్ట్ చూడటం మానేయకండి. ఈ-కోర్ట్స్ యాప్‌లో మీ కేసు సీఎన్ఆర్ నంబరు, మొత్తం 16 అక్షరాలూ అంకెలూ, కొడితే వాయిదా తెలిసిపోతుంది.

7. అవతలివాళ్లు "అకడమిక్" అంటే భయపడాలా?

అక్కర్లేదు. అది అవతలివాళ్ల వాదన, తీర్పు కాదు. 2016 నవంబర్ 8 నాటి నోట్ల రద్దు మీద పిటిషన్లు 2022లో విచారణకొచ్చినప్పుడు, ఇప్పుడు ఇదంతా పుస్తకచర్చేనని కేంద్రం అంది. ఐదుగురు జడ్జిలు అయినా విన్నారు. 2023 జనవరి 2న నలుగురు సమర్థించారు, జస్టిస్ బి.వి. నాగరత్న విభేదించారు. పిటిషనర్లు గెలవలేదు సరే, జవాబైతే దక్కింది.

అమరావతి రైతుల ఉదాహరణ మనకు ఇంకా దగ్గరిది. మూడు రాజధానుల చట్టాలను రాష్ట్ర ప్రభుత్వమే 2021 నవంబర్‌లో రద్దు చేసుకుని, ఇక పిటిషన్లు మూసేయమంది. రైతుల లాయర్లు ఒప్పుకోలేదు. చట్టాలు పోయినా, భూములు తీసుకున్నప్పుడు రాసిన ఒప్పందం ప్రకారం అభివృద్ధి చేసిన ప్లాట్లు రాలేదు కదా అన్నారు. హైకోర్టు కొన్ని ప్రేయర్లు నిష్ఫలమని, మిగతావి బతికే ఉన్నాయని విడదీసి 2022 మార్చి 3న తీర్పిచ్చింది. తర్వాత అదే ఏడాది నవంబర్‌లో అందులోని కొన్ని ఆదేశాలపై సుప్రీంకోర్టు స్టే ఇచ్చింది, అది వేరే కథ. మొదటి సలహాలో చెప్పిన పెన్సిల్ పనినే వాళ్ల లాయర్లు పెద్ద ఎత్తున చేశారు.

కాబట్టి మూడు ప్రశ్నలు వేసుకోండి. నాకు జరిగిన నష్టం ఇంకా ఉందా? ఇదే పని రేపు మళ్లీ నా మీద జరిగే అవకాశం ఉందా? ఈ ఆర్డర్ వల్ల నా సర్వీసు రికార్డులోనో, బ్యాంకు రికార్డులోనో మచ్చ మిగిలిందా? ఒక్కదానికి అవునన్నా, లేచి చెప్పమనండి. మూడింటికీ కాదంటే పంతం వద్దు. 2019 ఆగస్టులో పి. చిదంబరం ముందస్తు బెయిలు పిటిషన్ సుప్రీంకోర్టు ముందుకు వచ్చేసరికే సీబీఐ ఆయన్ను అరెస్టు చేసింది. అరెస్టయ్యాక ముందస్తు బెయిలేంటి? 26న కోర్టు అది నిష్ఫలమంది. రెగ్యులర్ బెయిలు దారి పట్టాల్సి వచ్చింది.

8. మారిన సంగతి మీరే చెప్పండి

దాచాలనిపిస్తుంది, తెలుసు. కానీ అవతలివాళ్లు బయటపెట్టేలోగా మీరే అఫిడవిట్‌లో చెప్పడం మంచిది. ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లి 1975లో సుప్రీంకోర్టులో తేలిన ఒక అద్దె కేసు, లాయర్లు "పసుపులేటి" అంటారు, దేశమంతా ఈ విషయంలో ఇప్పటికీ వాడతారు. వ్యాపారం పెట్టుకోవాలి, ఖాళీ చేయించండి అని యజమాని కేసు వేశాడు. కేసు నడుస్తుండగా అదే భవనంలో ఇంకో షాపు ఆయన చేతికొచ్చింది. అద్దెదారుడు ఆ సంగతి హైకోర్టు ముందు పెట్టాడు. కేసు వేసిన తర్వాత జరిగినదాన్నీ కోర్టు చూడొచ్చని జస్టిస్ వి.ఆర్. కృష్ణయ్యర్ రాశారు.

9. ఇక మీ మనసు

"నేను చెప్పిందే నిజమని జడ్జి గారు ఒక్క మాట అంటే చాలు" అని ఏళ్లు ఎదురుచూసినవాళ్లకు ఈ ముగింపు గొంతులో అడ్డుపడుతుంది. ఓడిపోతే కనీసం కోపమైనా వస్తుంది, ఇదేమో అదీ కాదు. ఆ మాట కోసమే కేసును లాగాలనిపిస్తే ఒక్క లెక్క వేసుకోండి. గెలిస్తే చేతికి రూపాయో, కాగితమో, హోదాయో ఏదైనా వస్తుందా? రాదంటే ఆపేయండి. వస్తుందంటే అలసట వచ్చినా ఆపకండి. అలిసిపోయి వదిలేయడానికీ ఆలోచించి వదిలేయడానికీ తేడా మీకు మాత్రమే తెలుస్తుంది, లాయరుకు తెలియదు.

10. ఫైలు మూసిన వారంలో

ఆర్డర్ సర్టిఫైడ్ కాపీకి దరఖాస్తు పెట్టండి. అందులో "ఇన్‌ఫ్రక్చువస్" అని ఉందా, "విత్‌డ్రా" అని ఉందా, లిబర్టీ ముక్క ఉందా చదవండి. కోర్టులో జరిగింది ఒకటి, ఆర్డర్‌లో పడింది ఒకటి అయితే వెంటనే సవరణ అడగాలి, ఏడాది తర్వాత కాదు. దాఖలు చేసిన ఒరిజినల్ కాగితాలు వెనక్కి తీసుకోండి. స్టే కోసం కోర్టు రిజిస్ట్రీలో డబ్బు కట్టి ఉంటే అది ఎవరికి పోవాలో ఆర్డర్‌లో రాశారేమో చూడండి. రాయకపోతే దానికి విడిగా అప్లికేషన్ వేయాలి, వడ్డీతో సహా. అడిగేవాళ్లు లేక ఆ డబ్బు రిజిస్ట్రీ ఖాతాలోనే ఉండిపోతుంది. మీ లాయరు గారి ముంషీకి, అంటే గుమాస్తాకు, ఫోన్ చేసి ఆ డిపాజిట్ రసీదు ఎక్కడుందో ఈ రోజే కనుక్కోండి.